628 పరుగుల వెంట: బ్రిస్టల్ నుంచి ఈపర్ దాకా

మొదటి రోజు: హీత్రో, పాడింగ్టన్, బ్రిస్టల్

మా అమ్మాయి, అల్లుడు బ్రిస్టల్‌లో కాపురం పెట్టి ఆరేళ్ళయింది. "నాన్నా, ఒక్కసారైనా రండి" అని ఏటా అడుగుతూనే ఉంది. ఈసారి మే నెలాఖరులో మనవడికి వారం రోజులు బడి సెలవులు వచ్చే సమయం చూసుకుని బయల్దేరాను. నేను పెట్టిన షరతు ఒక్కటే. క్లిఫ్టన్ కాలేజీ గ్రౌండ్ చూపించాలి, అక్కణ్ణుంచి బెల్జియంలో ఈపర్ అనే ఊరికి తీసుకెళ్ళాలి. ఇంగ్లండ్ వీసాతో బెల్జియం వెళ్ళనివ్వరు కాబట్టి షెంగెన్ వీసా కోసం హైదరాబాద్‌కి ఇంకోసారి తిరిగాను.

ఎందుకింత పట్టుదల అని ఇంట్లో అందరూ అడిగారు. తెనాలి దగ్గర హైస్కూల్లో ముప్ఫై రెండేళ్ళు లెక్కలు చెప్పాను. అన్నేళ్ళూ స్కూలు టోర్నమెంట్లకి, ఆదివారం లీగు మ్యాచ్‌లకి స్కోరరుగా కూర్చున్నాను. 2016 జనవరిలో ముంబై పక్కన కళ్యాణ్‌లో ప్రణవ్ ధనావడే అనే ఆటో డ్రైవర్ కొడుకు స్కూలు మ్యాచ్‌లో 1009 నాటౌట్ కొట్టాడు. 327 బంతులు, 129 ఫోర్లు, 59 సిక్సర్లు. ఆ వార్తల చివర్లో ఓ వాక్యం ఉండేది: 1899లో ఎ. ఇ. జె. కాలిన్స్ కొట్టిన 628 పరుగుల రికార్డు బద్దలైందని. నూట పదహారేళ్ళు నిలిచిన రికార్డు! ఆ కాలిన్స్ ఎవరా అని వెతికితే, అప్పటికి అతనికి పదమూడేళ్ళని, పెద్దయ్యాక బ్రిటిష్ సైన్యపు ఇంజనీర్ల దళం రాయల్ ఇంజనీర్స్‌లో కెప్టెన్ అయ్యాడని, 1914 నవంబర్ 11న ఈపర్ దగ్గర యుద్ధంలో చనిపోయాడని తెలిసింది. పుట్టింది మాత్రం మన హజారీబాగ్‌లో.

మా నాన్న మద్రాస్ శాపర్స్‌లో హవల్దారు. శాపర్లంటే సైన్యంలో వంతెనలు, కందకాల పని చేసే ఇంజనీరు సిపాయిలు. శాపర్ అనే మాట వింటే ఇప్పటికీ నా చెవులు నిక్కబొడుచుకుంటాయి. స్కోరు బుక్కు నాది, శాపర్ల కథ నాన్నది. రెండూ ఒకే మనిషిలో కలిశాయి. అందుకే వచ్చాను.

పాడింగ్టన్ నుంచి రైల్లో గంటన్నర పైన. టెంపుల్ మీడ్స్ స్టేషన్లో మనవడు ఎదురొచ్చాడు. వాడికి పదకొండేళ్ళు. ఏడాదిలో ఒక జానెడు పెరిగాడు. "తాతయ్యా, నేను ఇప్పుడు క్లబ్‌లో ఫీల్డింగ్ పాయింట్‌లో" అని మొదటి మాటగా చెప్పాడు.

రెండో రోజు: క్లిఫ్టన్

ఊరంతా ఎత్తుపల్లాలు. పొద్దున్నే అమ్మాయి ముందు సస్పెన్షన్ బ్రిడ్జి దగ్గర ఆపింది. లోతైన లోయ మీద ఇనుప గొలుసులకు వేలాడే వంతెన, 1864లో తెరిచారు. నాన్న ఉంటే ఇక్కడే పూటంతా గడిపేవాడు. నేను ఐదు నిమిషాల్లో కదిలాను, మనసంతా గ్రౌండ్ మీదే ఉంది.

క్లిఫ్టన్ కాలేజీ అంటే కాలేజీ కాదు, పిల్లలు ఉండి చదువుకునే బడి. అమ్మాయి ముందే ఈమెయిల్ రాసి అనుమతి తీసుకుంది. పెద్ద మైదానాన్ని క్లోజ్ అంటారు. ఆనాటి మేటి క్రికెటర్ డబ్ల్యు. జి. గ్రేస్ గ్లౌస్టర్‌షైర్ జట్టు తరఫున ఎన్నో సెంచరీలు కొట్టింది అక్కడే. అయితే కాలిన్స్ ఆడింది క్లోజ్‌లో కాదు. క్లోజ్ పెద్ద జట్లకి. చిన్న పిల్లల హౌస్ మ్యాచ్‌లకి గోడ పక్కన ఓ ముక్క నేల ఇచ్చేవారు. ఇప్పుడు దాన్ని కాలిన్స్ పీస్ అనే పిలుస్తారు. గోడకి జ్ఞాపక ఫలకం ఉంది.

ఆ ముక్క నేల మీద నిలబడి చూస్తే కథ సగం అదే చెప్పేసింది. ఒకవైపు గోడ చాలా దగ్గర. రెండోవైపు నేల కిందికి జారిపోతుంది. ఆనాటి నియమం ప్రకారం గోడ దాటిన బంతికి రెండే పరుగులు. పల్లం వైపు వెళ్ళిన బంతికి హద్దంటూ ఏమీ లేదు. దొర్లినంతసేపూ పరిగెత్తాల్సిందే.

నేను నోట్‌బుక్ తీసి మనవణ్ణి కూర్చోబెట్టాను. కాలిన్స్ 628 పరుగుల లెక్క ఇది: ఒక సిక్స్, నాలుగు ఐదులు, 31 ఫోర్లు, 33 మూడులు, 146 రెండ్లు, 87 సింగిల్స్.

"కూడు" అన్నాను.

వాడు నోటితోనే మొదలుపెట్టాడు. "ఆరు, ప్లస్ ఇరవై, ఇరవై ఆరు. ముప్ఫై ఒకటి నాలుగులు నూట ఇరవై నాలుగు. మొత్తం నూట యాభై. మూడులు తొంభై తొమ్మిది. రెండు వందల నలభై తొమ్మిది. రెండ్లు రెండు వందల తొంభై రెండు... ఐదు వందల నలభై ఒకటి. ప్లస్ ఎనభై ఏడు." ఆగి నా వైపు చూశాడు. "ఆరు వందల ఇరవై ఎనిమిది!"

సరిపోయింది. ఆ 146 రెండ్లలో గోడ మీంచి ఎగిరిపడ్డవి ఎన్నో, పరిగెత్తి తీసినవి ఎన్నో ఈ అంకెల్లో కనబడవు. ఇవాళ్టి గ్రౌండులో అయితే ఎన్ని సిక్సర్లు అయ్యేవోనని వాడు లెక్కలు వేయబోయాడు. వద్దన్నాను. ఆ రోజు నియమం ఆ రోజుదే.

మ్యాచ్ 1899 జూన్ 22న మొదలైంది. క్లార్క్స్ హౌస్ ఒకవైపు, నార్త్ టౌన్ హౌస్ రెండోవైపు. మన బళ్ళలో రెడ్ హౌస్, బ్లూ హౌస్ ఉన్నట్టే. టాస్ గెలిచి కాలిన్స్ బ్యాటింగ్‌కి దిగాడు. పాఠాలయ్యాక సాయంత్రాలు మాత్రమే ఆట కాబట్టి మ్యాచ్ రోజుల తరబడి సాగింది. రెండో రోజుకే ఊళ్ళో కబురు పాకి జనం గోడ దగ్గర గుమిగూడారు. అప్పటిదాకా ఉన్న రికార్డు 485. ఇంగ్లండ్ కెప్టెన్‌గా పేరు తెచ్చుకున్న ఆండ్రూ స్టాడర్ట్ 1886లో ఒక క్లబ్ మ్యాచ్‌లో కొట్టాడు. పదమూడేళ్ళ పిల్లాడు దాన్ని దాటేశాడు. చివరి వికెట్‌కి రెడ్‌ఫర్న్ అనే ఇంకో కుర్రాడితో 183 పరుగులు జోడించాడు. రెడ్‌ఫర్న్ కొట్టింది 13. జట్టు స్కోరు 836. మొదట దిగినవాడు చివరిదాకా నాటౌట్. బ్యాట్ పట్టింది మొత్తం ఆరు గంటల యాభై నిమిషాలు. ఆ తర్వాత బంతి కూడా తనే పట్టి రెండు ఇన్నింగ్స్‌లలో కలిపి 11 వికెట్లు తీశాడు. నార్త్ టౌన్ 87కి, 61కి ఆలౌట్. ఇన్నింగ్స్ 688 పరుగుల తేడాతో గెలుపు.

అప్పట్లో ఇంగ్లండ్‌లో ఓవరుకి ఐదే బంతులు. ఆరు బంతుల ఓవరు ఆ మరుసటి ఏడాది వచ్చింది. ఐదు గళ్ళ స్కోరు బుక్కులో వందల ఓవర్లు నింపిన ఆ స్కోరర్ల వేళ్ళు నా కళ్ళముందు మెదిలాయి. స్కోరర్లలో ఒకరి పేరు ఎడ్వర్డ్ పెగ్లర్. "628, ఓ ఇరవై అటూ ఇటూ" అని అతనే అన్నాడని చెబుతారు. కొందరు ఈ మాట పట్టుకుని రికార్డునే తేలిక చేస్తారు. నాకు మాత్రం ఆ మాట విన్నప్పటి నుంచి పెగ్లర్ మీద గౌరవం పెరిగింది. అంకెలు కలిసినంత మాత్రాన ప్రతి బంతీ పుస్తకంలోకి ఎక్కిందని కాదు. జనం అరుస్తుంటే, బంతి పల్లంలో కనబడకుండా పోతే, ఓవర్‌త్రో అయితే, ఒక్క క్షణం చూపు తిప్పితే చాలు, ఒక పరుగు పోతుంది. నేనూ అలాంటి పరుగులు పోగొట్టాను. వాటిలో ఒకటి 1994లో ఒక కుర్రాడి సెంచరీ. 99 దగ్గర అవుటయ్యాడని రాశాను. అది నూరే అయివుండాలని నాకు ఇప్పటికీ గట్టి అనుమానం. ఆ కుర్రాడు ఇప్పుడు గుంటూరులో బట్టల కొట్టు నడుపుతున్నాడు. ఎదురుపడ్డప్పుడల్లా నవ్వుతూ నమస్కారం పెడతాడు. నాకు మాత్రం గుండెలో కలుక్కుమంటుంది.

ఇంకొక సంగతి చెప్పాను మనవడికి. ఆ మ్యాచ్‌లో నార్త్ టౌన్ జట్టులో అందరికన్నా చిన్నవాడు విక్టర్ ఎబర్లీ. పదకొండేళ్ళు. కాలిన్స్ ఇచ్చిన క్యాచ్ ఒకటి అతని చేతుల్లోంచి జారిపోయింది.

వాడు కొంచెంసేపు ఏమీ మాట్లాడలేదు. తర్వాత అడిగాడు. "అందరూ తిట్టారా తాతయ్యా?"

"ఏమో నాన్నా. ముసలివాడయ్యాక కూడా ఆ క్యాచ్ సంగతి తలుచుకున్నాడు."

గేటు బయటికి వచ్చేముందు మెమోరియల్ ఆర్చ్ కింద ఆగాం. మొదటి ప్రపంచ యుద్ధంలో చనిపోయిన ఆ బడి పూర్వ విద్యార్థుల పేర్లు దాని మీద చెక్కారు. ఆ యుద్ధంలో బ్రిటిష్ సేనాని డగ్లస్ హేగ్ కూడా ఈ బడి పిల్లాడే, అతని విగ్రహం ఇక్కడే ఉంది. 1914 నవంబర్‌లో ఈపర్ దగ్గర కాలిన్స్ దళం ఉన్న ఫస్ట్ కోర్ అనే పెద్ద సైనిక విభాగానికి సేనాని ఈ హేగే. అలా ఒకే బడిలో చదివినవాళ్ళలో ఒకరు ఆజ్ఞ ఇచ్చే చోట, ఒకరు కందకంలో.

మూడో రోజు: వాన

పొద్దున్నుంచీ ముసురు. అమ్మాయి పెసరట్లు పోసింది, అల్లం పచ్చడి నేను తెచ్చిందే. కిటికీ దగ్గర కూర్చుని కాలిన్స్ జీవితాన్ని వరసగా రాసుకుందామని మొదలుపెడితే రెండు పేజీలైనా నిండలేదు.

1885 ఆగస్టు 18న హజారీబాగ్‌లో పుట్టుక. ఆర్థర్ ఎడ్వర్డ్ జ్యూన్ కాలిన్స్. తండ్రి ఇండియన్ సివిల్ సర్వీస్‌లో జడ్జి. క్లిఫ్టన్‌లో చేరేనాటికే తల్లీతండ్రీ ఇద్దరూ పోయారు. 628 కొట్టిన సాయంత్రాల్లో జనం చప్పట్లు కొడుతుంటే ఆ పిల్లాడు ఎవరి వైపు చూసి ఉంటాడా అని రాత్రి నిద్ర పట్టక ఆలోచించాను. అది ఏ పుస్తకంలోనూ ఉండదు.

తర్వాత ఉలిచ్ మిలిటరీ అకాడమీ, అక్కణ్ణుంచి రాయల్ ఇంజనీర్స్. ఫుట్‌బాల్, రగ్బీ కూడా ఆడాడు. క్రికెట్ వదల్లేదు కానీ ఒక్క ఫస్ట్ క్లాస్ మ్యాచ్ కూడా ఆడలేదు. డబ్బు కోసం ఆడినవాడు కాదు, అమెచ్యూర్. ఆ రోజుల్లో ఇంగ్లండ్‌లో ఆ తేడా చాలా పట్టింపుగా ఉండేది. అమెచ్యూర్లని జెంటిల్మెన్ అనేవారు, జీతానికి ఆడేవాళ్ళని ప్లేయర్స్ అనేవారు. గ్రౌండులోకి వచ్చే గేట్లు వేరు, బట్టలు మార్చుకునే గదులు వేరు. స్కోరు కార్డులో కూడా అమెచ్యూర్ పేరుకి ఇనీషియల్స్ ముందు, ప్లేయర్ పేరుకి వెనక. 1962లో గానీ ఆ విభజన పోలేదు. స్కోరు బుక్కులో మనిషి అంతస్తుని రాయడం నాకు బాధ కలిగించే విషయం. పరుగు ఎవరు తీసినా పరుగే కదా.

ఆర్మీ ఆఫీసరు కాబట్టి కాలిన్స్‌కి కౌంటీ జట్లతో వేసవంతా తిరిగే వీలు లేదు. పోస్టింగ్ ఎక్కడుంటే అక్కడ, రెజిమెంటు మ్యాచ్ ఎప్పుడుంటే అప్పుడు. మా నాన్న కూడా అంతే. యూనిట్ తరఫున వాలీబాల్ బాగా ఆడేవాడని ఆయన స్నేహితులు చెబితేనే తెలిసింది. ఇంట్లో ఎన్నడూ చెప్పలేదు.

1914 వసంతంలో కాలిన్స్‌కి ఎథెల్ స్లేటర్‌తో పెళ్ళయింది. ఆగస్టులో యుద్ధం. నవంబర్‌లో మరణం. ఆ మూడు వాక్యాలు రాసి పెన్ను మూశాను.

నాలుగో రోజు: గిల్లింగ్‌హామ్

రైల్లో లండన్ దాటి కెంట్ జిల్లాకి. గిల్లింగ్‌హామ్‌లో రాయల్ ఇంజనీర్స్ మ్యూజియం ఉంది. పక్కనే చాటమ్. ఉలిచ్ నుంచి బయటికొచ్చిన కుర్ర ఇంజనీరు ఆఫీసర్లు అసలు పని నేర్చుకునే బడి అక్కడే. వాటర్లూ యుద్ధంలో వెల్లింగ్టన్ వాడిన మ్యాపు చూశాం. మనవడికి అది నచ్చింది.

నాకు మాత్రం ఒక్క మాట దగ్గర కాళ్ళు ఆగిపోయాయి. రాయల్ ఇంజనీర్స్ బ్యాడ్జి మీద లాటిన్‌లో ఉబీక్ అని ఉంటుంది. అంతటా, అన్ని చోట్లా అని అర్థం. మన ఇండియన్ ఆర్మీ ఇంజనీర్ల మాట సర్వత్ర. మా నాన్న ట్రంకు పెట్టెలో పాత ఊలు స్వెటరు కింద ఆ బ్యాడ్జి ఉండేది. చిన్నప్పుడు తీసి అరిచేతిలో పెట్టుకుంటే చల్లగా తగిలేది. ఆ ఇత్తడి వాసన ఇప్పుడు వచ్చినట్టే అనిపించింది. "ముందు మేమే వెళ్ళేది, ఆఖరున వచ్చేది మేమే" అనేవాడు నాన్న. వాగు మీద బెయిలీ వంతెన వేసి, అందరూ దాటాక దాన్ని విప్పి, ట్రక్కులకెత్తి అప్పుడు తాము కదిలేవాళ్ళట. మద్రాస్ శాపర్లని తంబీలు అంటారు. తెలుగువాడైనా నాన్న కూడా తంబీయే.

రాత్రికి లండన్‌లోనే పడక.

ఐదో రోజు: ఈపర్

సెయింట్ పాంక్రాస్ నుంచి రైలు సముద్రం కింది సొరంగంలోంచి రెండు గంటల్లో బ్రస్సెల్స్ చేర్చింది. అక్కణ్ణుంచి కోర్ట్‌రైక్ మీదుగా మామూలు రైలు. చదునైన పొలాలు, బంగాళాదుంప సాళ్ళు, ఆవులు. మా డెల్టాలా ఎటు చూసినా ఒకే మట్టం. ఈ ఊరికి మూడు పేర్లు. అక్కడివాళ్ళు ఈపర్ అంటారు, ఫ్రెంచిలో ఈప్ర, బ్రిటిష్ సోల్జర్లు నోరు తిరగక వైపర్స్ అనేవారు.

ఊరు మధ్యలో బట్టల వ్యాపారుల పాత మహాభవనం క్లాత్ హాల్. యుద్ధంలో నేలమట్టమైతే మళ్ళీ అచ్చం అలాగే కట్టారు. ఇప్పుడు అందులో యుద్ధ మ్యూజియం. నడిచి ఐదు నిమిషాల్లో మెనిన్ గేట్. 1927 జులై 24న ప్రారంభించారు. సమాధి దొరకని సైనికుల పేర్లు 54 వేలకు పైగా దాని గోడల మీద ఉన్నాయి. అయినా చోటు చాలలేదు. 1917 ఆగస్టు మధ్య తర్వాత పోయినవాళ్ళలో ఎక్కువమంది పేర్లు టైన్ కాట్ అనే ఇంకో చోట పెట్టారు.

మనవాళ్ళ పేర్లూ ఉన్నాయి. 1914 అక్టోబర్‌లో ఇండియన్ కోర్‌ని ఇక్కడికే తెచ్చారు. ఎండాకాలపు బట్టలతో వచ్చి ఈ చలి బురదలో దిగారు. అక్టోబర్ 31న హోలెబెకె దగ్గర 129వ బలూచీ దళం సిపాయి ఖుదాదాద్ ఖాన్ తన మెషిన్‌గన్ జట్టంతా చనిపోయినా కాలుస్తూనే ఉన్నాడు. విక్టోరియా క్రాస్ పొందిన తొలి భారతీయ సైనికుడు అతనే. ప్రాకారం పక్కన పచ్చికలో నాలుగు సింహాల చిహ్నంతో భారత సైనికుల స్మారకం ఉంది. చెప్పులు విప్పి నమస్కరించాను. అమ్మాయి కూడా విప్పింది.

సాయంత్రం ఎనిమిదికి గేటు కింద రోడ్డు ఆపేస్తారు. బ్యూగుల్స్ మీద లాస్ట్ పోస్ట్ అనే సైనిక వీడ్కోలు బాణీ వాయిస్తారు. 1928 నుంచి నడుస్తున్న ఆనవాయితీ. 1940లో జర్మన్లు ఊరిని పట్టుకున్నప్పుడు ఆగింది. 1944 సెప్టెంబర్ 6న ఊరు విడుదలైన సాయంత్రమే మళ్ళీ వాయించారు. జనం వందల్లో ఉన్నారు. బడి పిల్లలు యూనిఫారాల్లో వరసగా నిలబడ్డారు. బ్యూగుల్ ఎత్తగానే అంతమందిలో ఒక్క దగ్గు కూడా వినబడలేదు. మా నాన్న అంత్యక్రియలప్పుడు బ్యూగుల్ లేదు. రిటైరై ముప్ఫై ఏళ్ళయింది, మా ఊరు యూనిట్‌కి చాలా దూరం. నేను ఈ రోజు విన్నది ఆయన కోసం కూడా అనుకున్నాను.

జనం మధ్య కాలిన్స్ పేరు వెతకడం కుదరలేదు.

ఆరో రోజు: పాలిగన్ వుడ్

సైకిళ్ళు అద్దెకి తీసుకున్నాం. మెనిన్ రోడ్డు మీద కొంచెం వెళ్ళి, పొలాల దారుల్లోకి తిరిగి పాలిగన్ వుడ్. ఈపర్ నుంచి ఎనిమిది కిలోమీటర్ల దాకా. నా మోకాళ్ళు సహకరించాయి, అల్లుడు వెనకే వచ్చాడు.

ఇప్పుడున్న చెట్లు యుద్ధం తర్వాత నాటినవి. ఆనాటి అడవి గుండ్లకి మోడైపోయింది. నేల మీద ఇంకా గుంటలు కనిపిస్తాయి. వాటిలో ఫెర్న్ మొక్కలు గుబురుగా పెరిగాయి. మనవడు ఒక గుంటలోకి దిగితే తల మాత్రమే కనబడింది. వెంటనే పైకి రమ్మన్నాను. ఎందుకో అక్కడ వాణ్ణి అలా చూడలేకపోయాను.

1914 నవంబర్ 11 పొద్దున జర్మన్ సైన్యంలోని ప్రష్యన్ గార్డు దళాలు మెనిన్ రోడ్డు వెంబడి పెద్ద దాడి చేశాయి. బ్రిటిష్ వరస తెగింది. జర్మన్లు నానె బోషెన్ అనే చిన్న అడవిదాకా వచ్చేశారు, నన్స్ అడవి అని అర్థం. వాళ్ళకీ వెనకున్న బ్రిటిష్ ఫిరంగులకీ మధ్య అడ్డుగా పెద్దగా సైన్యం లేదు. వంటవాళ్ళు కూడా తుపాకులు పట్టుకున్నారు. పాలిగన్ వుడ్ మూల మీద బ్లాక్ వాచ్ అనే స్కాట్లండ్ రెజిమెంటు సైనికులు కొద్దిమంది నిలబడి దాడిని చీల్చారు. అక్కడ ఇప్పుడు హైలాండర్ సైనికుడి విగ్రహం ఉంది. మధ్యాహ్నం ఆక్స్‌ఫర్డ్‌షైర్ అండ్ బకింగ్‌హామ్‌షైర్ లైట్ ఇన్‌ఫాంట్రీ రెండో బెటాలియన్ ఎదురుదాడి చేసి అడవిని ఖాళీ చేయించింది. వాళ్ళతో కలిసి రాయల్ ఇంజనీర్స్ 5వ ఫీల్డ్ కంపెనీ కూడా దూకింది.

ఫీల్డ్ కంపెనీ అంటే ఏమిటో నాకు నాన్న చెప్పగా తెలుసు. కందకాలు తవ్వడం, ముళ్ళకంచె వేయడం, వంతెనలు కట్టడం. రాత్రంతా పార పట్టుకున్న చేతులు. కాల్చడం వాళ్ళకి రెండో పని. ఆ రోజు ఇంకెవరూ లేక రెండో పనే మొదటిదైంది. కాలిన్స్ తన కందకం పక్కవైపు కాపాడటానికి ఇంకా మనుషుల్ని రమ్మని సైగ చేస్తుండగా గుండు తగిలింది. వెనక్కి మోసుకొచ్చారు. గంటలోపే పోయాడు. వయసు 29. ఆ ఒక్కరోజే కంపెనీ ఇంకా కొందరు ఆఫీసర్లని పోగొట్టుకుంది. అతని శరీరం తర్వాత దొరకలేదు. ఆ నేల మీద ఇంకా నాలుగేళ్ళు గుండ్లు కురిశాయి.

అడవి అంచున బట్స్ సిమెట్రీ. రెండు వేలకు పైగా తెల్లరాళ్ళు. ఎక్కువ రాళ్ళ మీద పేరు లేదు. మహాయుద్ధంలో ఒక సైనికుడు, కింద దేవుడికి తెలిసినవాడు అని ఉంటుంది. వరస వెంట నడుస్తూ అమ్మాయి మెల్లగా ఏడ్చింది. నేను ఆపలేదు.

తిరిగి వచ్చేటప్పుడు మనవడు సైకిలు నా పక్కకి తెచ్చాడు. "తాతయ్యా, ఆ క్యాచ్ వదిలేసిన అబ్బాయి ఏమయ్యాడు?"

నేను కావాలనే ఇంతవరకు చెప్పకుండా దాచాను. "వాడూ పెద్దయ్యాక రాయల్ ఇంజనీర్స్‌లోనే చేరాడు. యుద్ధానికి వెళ్ళాడు. బతికి ఇంటికొచ్చాడు. ముసలితనంలో ఆ రోజుల గురించి పుస్తకం రాశాడు."

"గుడ్" అన్నాడు వాడు. కొంచెంసేపు తొక్కి, మళ్ళీ "గుడ్" అన్నాడు.

ఏడో రోజు: మళ్ళీ గేటు దగ్గర

పొద్దున ఏడింటికి గేటు దగ్గర ఎవరూ లేరు. బ్రెడ్డు బండి ఒకటి కింద నుంచి వెళ్ళింది. పేర్లు రెజిమెంటు వారీగా, అందులో హోదా వారీగా ఉన్నాయి. రాయల్ ఇంజనీర్స్ ప్యానెల్ 9. మేజర్ల తర్వాత కెప్టెన్లు. మెడ బాగా వెనక్కి వంచి చదవాలి. మనవడి కళ్ళు నాకన్నా వాడి.

"అదిగో! కాలిన్స్. ఏ, ఈ, జే."

అంతే ఉంది. పరుగుల ప్రస్తావన లేదు, వయసు లేదు. చుట్టూ ఉన్నవాళ్ళకి ఎంత చోటో ఇతనికీ అంతే. ఇక్కడ ఒక పద్ధతి ఉందని రిజిస్టరు చదువుతుంటే గుర్తొచ్చింది. పొలంలో ఎప్పుడైనా ఎముకలు బయటపడి అవి ఎవరివో తేలితే, వాళ్ళకి సమాధి కట్టి, గోడ మీద పేరు తీసేస్తారు. నూరేళ్ళు దాటినా ఈ లెక్క ఇంకా దిద్దుతూనే ఉన్నారు. పెగ్లర్‌కి ఈ గోడ చూపించాలనిపించింది.

నోట్‌బుక్ తెరిచి, క్లిఫ్టన్‌లో మనవడు కూడిన అంకెల పక్కన రాసుకున్నాను: కెప్టెన్ కాలిన్స్ ఎ. ఇ. జె., 5వ ఫీల్డ్ కంపెనీ, ప్యానెల్ 9. కింద తేదీ వేశాను.

గేటు పక్క మెట్లెక్కితే కోట ప్రాకారం మీద పచ్చిక మైదానం. కింద కందకంలో బాతులు. అమ్మాయి, అల్లుడు కాఫీ కోసం వెళ్ళారు. మనవడు జేబులోంచి టెన్నిస్ బంతి తీశాడు. ఇన్ని రోజులూ అది వాడి జేబులోనే ఉందని నాకు తెలియదు.

"తాతయ్యా, హై క్యాచ్‌లు ఇవ్వు. ఇరవై."

నాకు చేతనైనంత ఎత్తుకి విసిరాను. ఎండ కళ్ళలో పడుతున్నా వాడు చూపు తిప్పలేదు. పదిహేడు పట్టాడు. మూడు జారాయి, మూడోది వేళ్ళ చివర్లకి తగిలి. రైలుకి ఇంకా నలభై నిమిషాలుంది. ఆ మూడూ మళ్ళీ విసరమన్నాడు.